నెర్రెల దగ్గర ఆగని కెమెరా

(అనంతపురంలో చేసిన స్మారకోపన్యాసానికి ముద్రిత పాఠం)



మాస్టారు జీవితమంతా ఈ జిల్లా పిల్లలకు ఆర్థిక శాస్త్రం చెప్పారు. ఆయన స్మృతిలో మాట్లాడమంటే నేను డెన్మార్క్ డాక్యుమెంటరీ దర్శకుడి పని గురించి మాట్లాడతానన్నాను. నిర్వాహకులు కాస్త ఆశ్చర్యపోయినా కాదనలేదు. ఆ దర్శకుడి పేరు టామ్ హైనెమాన్. వృత్తి రీత్యా పాత్రికేయుడు. ఆయన సినిమాల్లో చాలా భాగం అప్పు, పురుగుమందు, కూలి, ధర, ముద్ర, ఒప్పందం వీటి చుట్టూ తిరుగుతాయి. మాస్టారు బోర్డు మీద సుద్దముక్కతో చెప్పినవీ అవే. ఆ సినిమాల్లో ఒకదాని కోసం హైనెమాన్ మన రాష్ట్రానికి కూడా వచ్చారు.

ముందు మన ఊరి సంగతి చెప్పుకుందాం. కరువు జిల్లా అనగానే పత్రికలవాళ్లకూ టీవీవాళ్లకూ ఒక బొమ్మ సిద్ధంగా ఉంటుంది. నెర్రెలు విచ్చిన చెరువు అడుగు, దాని మీద గొంతుకూర్చున్న ఒక ముసలి రైతు, నొసటికి అడ్డం పెట్టుకున్న చెయ్యి. ఆ బొమ్మ అబద్ధమని నేను అనను. సగటున 550 మిల్లీమీటర్లకు అటూ ఇటూ వాన పడే నేల మనది. నైరుతి పడమటి కనుమల దగ్గరే సగం బలం కోల్పోతుంది, ఈశాన్యం మన దాకా వచ్చేసరికి అలిసిపోతుంది. కణేకల్లు, బొమ్మనహాళ్ వైపు వేదవతి ఇసుక పొలాల మీదికి పాకడం కళ్లారా చూసినవాళ్లు ఈ సభలో ఉన్నారు. అయినా మన కరువు చాలా ఏళ్లు ఆ బొమ్మలా ఉండదు. పచ్చగా ఉంటుంది.

రైతులకు నేను చెప్పాల్సిన పని లేదు, పట్నం మిత్రుల కోసం చెబుతున్నాను. జూన్, జూలైలో పదను చూసి బుడ్డలు, అంటే వేరుశనగ, విత్తుతారు. మొలక బాగుంటుంది, పూత వస్తుంది. పూత తర్వాత ఊడలు నేలలోకి దిగాలి. సరిగ్గా అప్పుడు వాన మొహం చాటేస్తే ఎర్రనేల బిగుసుకుపోతుంది. ఊడ దిగదు, దిగినా కాయ ఊరదు. ఆ తర్వాత ఎప్పుడో ఒక వాన పడుతుంది, ఆకు మళ్లీ కళకళలాడుతుంది. బెంగళూరు రోడ్డు మీద కారులో పోయేవాడికి అది పంట. చెట్టు పీకి చూసినవాడికి కట్టె. ఒకప్పుడు ఏటా ఏడెనిమిది లక్షల హెక్టార్లలో ఈ ఒక్క పంటే వేసిన జిల్లాలో, ఆ పచ్చదనం కింద ఎంత నష్టం దాగి ఉంటుందో ఏ కెమెరా చూపిస్తుంది? ఎకరాకు ఎన్ని మూటలు రాలేదో తూకం చెబుతుంది. ఎంత పరిహారం రావాలో బీమా కాగితం చెబుతుంది. ఏ వారం వాన పడలేదో మండల కేంద్రంలోని వర్షమాపకం చెబుతుంది. మన కరువుకు సాక్ష్యం ఎక్కువగా కాగితం మీదే ఉంటుంది. అందుకే కాగితాల వెంట పడే సినిమా మనిషి పని అనంతపురానికి కావాలని నేను అనుకుంటున్నాను.

డెన్మార్క్‌లో ఈ చూపు ఈ మధ్య మొదలైంది కాదు. న్యూయార్క్ మురికివాడల ఇరుకు గదుల్లోకి కెమెరా తీసుకెళ్లి 1890లో ఆ బతుకులను పుస్తకంగా అచ్చువేసిన జేకబ్ రీస్ డెన్మార్క్‌లోని రీబె పట్నం నుంచి వలస వెళ్లినవాడు. రెండో ప్రపంచయుద్ధం ముగిశాక నాజీ ఆక్రమణ రోజుల మీద థియోడర్ క్రిస్టెన్‌సెన్ 1946లో తీసిన పెద్ద డాక్యుమెంటరీ శత్రువుతో పాటు, శత్రువుతో సర్దుకుపోయిన సొంత పాలకులను కూడా నిలదీసింది. వేలెత్తితే ముందు సొంత ఇంటివాళ్ల వైపు చూపాలన్న ఆ పట్టుదల హైనెమాన్ పనిలోనూ నాకు కనిపిస్తుంది.

2006లో వచ్చిన ఆయన చిత్రం ‘ఎ కిల్లర్ బార్గెన్’ చూడండి. యూరప్ దుకాణాల్లో చవకగా దొరికే బట్ట ఎక్కడిది అని బయలుదేరి ఆయన మన దేశపు పత్తి చేలలోకి, అద్దకం పనివాళ్ల దగ్గరికి వచ్చారు. చేలో మందు కొట్టే మనిషికి ముక్కుకు గుడ్డ కూడా లేదు. ఇంతవరకు ఏ దర్శకుడైనా తీస్తాడు. ఆయన డబ్బా తిప్పి పేరు చదివారు. యూరప్‌లో అమ్మకానికి వీలులేని మందులను అప్పట్లో ఇక్కడ అమ్ముతున్న కంపెనీల్లో ఒకటి డెన్మార్క్‌కు చెందిన కెమినోవా. అప్పుడు ఆ కంపెనీ మాతృసంస్థలో ప్రధాన వాటా ఆర్హస్ విశ్వవిద్యాలయ పరిశోధన నిధికి ఉండేది. అంటే పత్తి చేలో రైతు ఊపిరితిత్తుల్లోకి పోయిన మందు తాలూకు లాభం, చివరికి ఒక యూనివర్సిటీలో పరిశోధనకు ఖర్చయ్యేది. ఆ వరుసను చూపడానికి నెర్రెలు అక్కర్లేదు, కన్నీళ్లు కూడా అక్కర్లేదు. ఒక డబ్బా మీది పేరు, ఒక వాటాల పట్టిక చాలు. తెలుగువాళ్లం ఇక్కడ ఆగి ఆలోచించాలి. 1987-88లో గుంటూరు, ప్రకాశం పత్తి రైతులు, పదేళ్ల తర్వాత వరంగల్ పత్తి రైతులు తాగి చనిపోయింది పురుగుమందే. అప్పుడు మనం కుటుంబాలను ఫొటోలు తీశాం. డబ్బా ఎవరిదో, ఏ ఊరి బ్యాంకు నుంచి మందు అమ్మిన డీలరుకు అరువు వచ్చిందో తీసిన తెలుగు సినిమా నేను చూడలేదు.

ఆ తర్వాత 2008లో ‘ది బిటర్ టేస్ట్ ఆఫ్ టీ’ వచ్చింది. న్యాయమైన వ్యాపారం అని ముద్ర వేసి అమ్మే టీ పొట్లం వెనక తోట కూలీల బతుకు ఎలా ఉందో అడిగిన చిత్రం అది. అదే ఏడాది బంగ్లాదేశ్‌లో సెల్ టవర్ల విడిభాగాలు చేసే కార్ఖానాల మీద ఇంకొకటి తీశారు. గ్రామీణ్‌ఫోన్‌కు సరుకు పంపే ఆ కార్ఖానాల్లో పిల్లలు పనిచేస్తున్నారని, రక్షణ లేదని అందులో చూపించారు. గ్రామీణ్‌ఫోన్‌లో పెద్ద వాటా నార్వే ప్రభుత్వ ఆధీనంలోని టెలినార్‌ది కాబట్టి ఆ దుమారం ఢాకాలో కంటే ఓస్లోలో ఎక్కువగా రేగింది.

గ్రామీణ్ అన్న పేరు దగ్గరే మన కథ మొదలవుతుంది.

2006లో మహమ్మద్ యూనుస్‌కూ పేదలకు చిన్న అప్పులిచ్చే ఆయన గ్రామీణ్ బ్యాంకుకూ నోబెల్ శాంతి బహుమతి వచ్చింది. ఆ వెలుగులో సూక్ష్మరుణం అనే మాట ప్రపంచమంతా ఒక మంత్రమైంది. హైనెమాన్ ‘ది మైక్రో డెట్’ అనే చిత్రం కోసం మూడు చోట్లకు వెళ్లారు. ఒకటి బంగ్లాదేశ్, ఒకటి మెక్సికోలోని వహాకా రాష్ట్రం, మూడోది మన ఆంధ్రప్రదేశ్. 1976లో యూనుస్ తన ప్రయోగం మొదలుపెట్టిన జోబ్రా గ్రామానికి వెళ్లి, తొలి రుణగ్రహీతగా పుస్తకాలకెక్కిన మహిళ కుటుంబం ఆ పేదరికంలోనే ఉందని చూపారు. ఊళ్లలో ఆడవాళ్లు వారం వారం కిస్తీ కట్టడానికి ఇంకో చోట అప్పు తెస్తున్న తీరు చూపారు. ఆ తర్వాత ఆయన ఊళ్లు వదిలి ఓస్లోకు వెళ్లారు. నార్వే సహాయ సంస్థ నోరాడ్ దస్త్రాల్లోంచి పాత ఉత్తరాలు తవ్వి తీశారు. 1996లో గ్రామీణ్ బ్యాంకు దాదాపు 10 కోట్ల డాలర్ల దాతల సొమ్మును గ్రామీణ్ కల్యాణ్ అనే సోదర సంస్థకు మళ్లించిందనీ, దాని మీద నార్వే అభ్యంతరం చెప్పిందనీ, కొంత సొమ్ము వెనక్కి వచ్చిందనీ ఆ ఉత్తరాల్లో ఉంది.

2010 నవంబరు చివర నార్వే టీవీలో ఆ చిత్రం ప్రసారమైంది. ఆ ఏడాదే మన రాష్ట్రంలో ఏం జరుగుతున్నదో గుర్తు చేసుకోండి. జూలై, ఆగస్టుల్లో హైదరాబాద్ కేంద్రంగా ఉన్న ఎస్‌కేఎస్ మైక్రోఫైనాన్స్ షేర్లు మార్కెట్‌లోకి వచ్చి సుమారు 1,600 కోట్ల రూపాయలు సమకూరాయి. అప్పుడు దేశంలోని సూక్ష్మరుణాల్లో అతి పెద్ద వాటా ఈ రాష్ట్రానిదే. దసరా దాటేలోపే పల్లెల నుంచి ఆత్మహత్యల వార్తలు వచ్చాయి. ఒక్కో ఇంట్లో మూడు నాలుగు సంస్థల పాసుపుస్తకాలు, కిస్తీ రోజున వాకిట్లో కూర్చునే ఏజెంటు, కట్టని మనిషిని తోటి సభ్యులే నలుగురిలో నిలబెట్టడం. అక్టోబరు 15న రాష్ట్ర ప్రభుత్వం ఆర్డినెన్స్ తెచ్చింది. సంస్థలు జిల్లా అధికారి దగ్గర నమోదు కావాలి, వసూలు వారానికి కాక నెలకు జరగాలి, అదీ పంచాయతీ కార్యాలయం దగ్గరే, వడ్డీ అసలుకు మించకూడదు. 2011 ఆరంభంలో అది చట్టమైంది.

ఇది గాలివానలా వచ్చి పడింది కాదు. 2006లోనే కృష్ణా జిల్లా యంత్రాంగం ఇలాంటి సంస్థల శాఖలను మూయించింది. మన జిల్లాలో ఆడవాళ్లు ఇంకా ముందే పొదుపు చేయడం నేర్చారు. 1995 నుంచి ఐక్యరాజ్యసమితి పథకం కింద అనంతపురం, కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో సంఘాలు కట్టారు. ఆ పునాది మీదే 2000లో ‘వెలుగు’ పథకం వచ్చింది, మొదటి ఆరు జిల్లాల్లో మనదీ ఒకటి. ఆ సంఘాల్లో పైసా పైసా కూడబెట్టి బాకీ తీర్చే అలవాటు నేర్చుకున్న ఆడవాళ్లనే తర్వాత ప్రైవేటు కంపెనీలు మంచి ఖాతాదారులుగా ఎంచుకున్నాయి. సంఘం కట్టడానికి పదేళ్లు పట్టింది. దాని మీద అప్పు పరచడానికి రెండేళ్లు చాలలేదా? ఈ ప్రశ్న హైనెమాన్ చిత్రంలో లేదు. అది మనం వేసుకోవాల్సింది.

ఇప్పుడు నాలో చాలాకాలంగా నలుగుతున్న విషయం ఒకటి చెప్పాలి. ‘ది మైక్రో డెట్’ తర్వాత నార్వే ప్రభుత్వం విచారణ జరిపించింది. తన సొమ్ము అవినీతి పాలైందనడానికి ఆధారం లేదనీ, ఆ వివాదం 1998లోనే డబ్బు తిరిగి రావడంతో ముగిసిందనీ 2010 డిసెంబరులో తేల్చింది. కానీ ఢాకాలో షేక్ హసీనా ప్రభుత్వం అప్పటికే యూనుస్ మీద గురిపెట్టి ఉంది. 2011 మార్చిలో వయసు దాటిందన్న కారణంతో ఆయనను బ్యాంకు నుంచి తప్పించారు. పేదల పక్షాన వేసిన ప్రశ్న పాలకుల చేతిలో కక్షసాధనకు పనికివచ్చింది. పదమూడేళ్ల తర్వాత హసీనా దేశం విడిచి పారిపోయాక అదే యూనుస్ తాత్కాలిక ప్రభుత్వాధినేత అయ్యారు. మన దగ్గరా చూశాం. ఆర్డినెన్స్ తర్వాత వసూళ్లు ఆగిపోయాయి, కంపెనీలు కుదేలయ్యాయి, కొన్నాళ్లు ఊపిరి ఆడింది. కానీ పల్లెలో డబ్బు అవసరం ఆగలేదు. ఆ ఖాళీలోకి మళ్లీ ఊరి వడ్డీ వ్యాపారి వచ్చాడు, ఆయనకు పాసుపుస్తకమూ లేదు, పంచాయతీ ఆఫీసూ లేదు.

అందుకని ఆ సినిమా తీయకుండా ఉండాల్సిందా? నేను అలా అనుకోను. జోబ్రాలో ఆ కుటుంబం పేదగా ఉందన్నది నిజం. ఆ నిజాన్ని ఎవరు ఎత్తుకుపోయి దేనికి వాడారన్నది వేరే నేరం. అయితే దర్శకుడు వచ్చి, అడిగి, తిరిగి వెళ్లిపోయే పద్ధతిలో ఒక లోటు ఉంది. సినిమా బయటికొచ్చాక ఊళ్లో ఏం జరిగినా దానికి జవాబు చెప్పడానికి ఆయన అక్కడ ఉండడు. ఓస్లో జవాబు చెబుతుంది, ఢాకా జవాబు చెబుతుంది, కెమెరా ముందు మాట్లాడిన ఆడమనిషి మాత్రం ఒంటరిగా మిగులుతుంది.

ఈ లోటుకు తెలుగునేల మీద రెండు జవాబులు నాకు తెలుసు. ఒకటి ఒక సినిమా బృందం ఇచ్చింది. దీపా ధన్‌రాజ్ తన మిత్రులతో కలిసి 1980లో యుగాంతర్ అనే బృందం కట్టి, 1983లో హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటన అనే మహిళా సంఘంతో కలిసి ‘ఇది కథ మాత్రమేనా’ తీశారు. ఇంటి గోడల మధ్య హింస గురించి ఆడవాళ్లు కూర్చుని మాట్లాడుకున్న మాటల్లోంచే ఆ చిత్రం కథ అల్లుకుంది. 1984 నాటి హైదరాబాద్ అల్లర్ల మీద ‘క్యా హువా ఇస్ షహర్ కో’, కుటుంబ నియంత్రణ పేరిట ఆడవాళ్ల ఒంటి మీద సాగిన దౌర్జన్యం మీద 1991లో ‘సమ్‌థింగ్ లైక్ ఎ వార్’, రోహిత్ వేముల మరణం తర్వాతి ఉద్యమం మీద 2018లో ఇంకో చిత్రం తీశారు. దాదాపు నలభై ఏళ్లు ఆమె ఈ పనిలో ఉన్నారు. ఎవరి మీద సినిమా తీస్తున్నారో వాళ్లు తీసే పనిలోనూ భాగస్వాములు కావాలన్నది ఆ బృందం పట్టిన పద్ధతి.

రెండో జవాబు జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో వచ్చింది. డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీలోని దళిత ఆడవాళ్లు, చాలామంది బడి మొహం చూడనివాళ్లు, కెమెరా పట్టడం నేర్చుకుని 2001లో తమ సొంత మీడియా ట్రస్టు పెట్టుకున్నారు. బీటీ పత్తి మన రాష్ట్రానికి వచ్చిన కొత్తలోనే వాళ్లు వరంగల్ వెళ్లారు. ఒకసారి చూసి రాలేదు, సీజను పొడవునా మళ్లీ మళ్లీ అవే ఊళ్లకు, అవే చేలకు వెళ్లారు. విత్తనం ఖర్చెంత, మందు ఖర్చెంత, చివరికి ఎన్ని క్వింటాళ్లు వచ్చాయి అని రైతుల నోటే లెక్క చెప్పించారు. 2003లో ఆ చిత్రం బయటికి వచ్చింది. చెట్టు పీకి చూడడం అంటే అది. సేద్యం తెలిసిన చేతిలో కెమెరా ఉంటే పచ్చదనాన్ని చూసి మోసపోదు.

మన ఉమ్మడి జిల్లా మీద వచ్చిన మంచి చిత్రం ఒకటి ఇక్కడ చెప్పకపోతే తప్పు. చెన్నేకొత్తపల్లి దగ్గర 1990లో 32 ఎకరాల బీడు కొని టింబక్టు కలెక్టివ్ మొదలైంది. సి.కె. గంగూలీ, మేరీ వట్టమట్టం అక్కడే కాపురం పెట్టి ఆ నేలను చెట్లతో నింపారు. ఆ పని మీద, చిన్న రైతుల సేంద్రియ సేద్యం మీద రింటూ థామస్, సుష్మిత్ ఘోష్ ‘టింబక్టు’ తీశారు. 60వ జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో పర్యావరణ విభాగంలో దానికి బహుమతి వచ్చింది. ఆ ఇద్దరే తర్వాత ‘రైటింగ్ విత్ ఫైర్’తో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లారు. ఆ సినిమాలో కథానాయికలు ఉత్తరప్రదేశ్‌లో సెల్‌ఫోన్లతో వార్తలు సేకరించే దళిత మహిళా విలేకరులు. ‘టింబక్టు’ చిత్రంలో కొర్రలు, మనుషుల నవ్వులు, తడి నేల కనబడడం నాకు గొప్పగా తోచింది.

అయితే ఆ కొండల్లోనే ఇంకో సినిమాకు సరిపడా విషయం ఉంది. ముష్టికోవెల చుట్టుపక్కల ఊళ్లవాళ్లు 1990ల తొలినాళ్ల నుంచి దాదాపు 7,000 ఎకరాల బీడును కాపాడి కల్పవల్లి అడవిగా పెంచారు. పశువులకు గడ్డి, ఈత ఆకు, కింది చెరువులకు నీళ్లు వచ్చాయి. రికార్డుల్లో మాత్రం అది బంజరు. దాని మీద గాలిమరలు వచ్చాయి, బరువైన లారీల కోసం కొండ వాలు కోసి రోడ్లు వేశారు, చెట్లు పోయాయి, మట్టి చెరువుల్లోకి జారింది. ఊళ్లవాళ్ల తరఫున కేసు జాతీయ హరిత ట్రిబ్యునల్ దాకా వెళ్లింది. ఆ గాలిమరల ప్రాజెక్టు కర్బన క్రెడిట్ల లెక్కల్లోనూ చేరింది. హైనెమాన్ 2013లో ‘ది కార్బన్ క్రూక్స్’ అనే చిత్రంలో ఈ కర్బన వ్యాపారాన్నే పట్టుకున్నారు. డెన్మార్క్ ప్రభుత్వ రిజిస్టరులో దొంగపేర్లతో చేరినవాళ్లు యూరప్ ఖజానాలకు ఎలా కన్నం వేశారో అందులో చెప్పారు. అక్కడ కోపెన్‌హేగన్ రిజిస్టరులో ఒక గడి, ఇక్కడ రెవెన్యూ అడంగల్‌లో బంజరు అన్న ఒక మాట. ఈ రెండింటి మధ్య దారి గీసి చూపే చిత్రం ఇక్కడి కాలేజీ పిల్లలు తీయగలరు. ఊళ్లు దగ్గరే, సాక్షులు బతికే ఉన్నారు.

కాగితం గురించి ఇంకొక్క మాట. 2000 ప్రాంతంలో ఈ జిల్లా ఆత్మహత్యల గురించి పాత్రికేయుడు పి. సాయినాథ్ రాసినప్పుడు, పోలీసు రికార్డుల్లో పురుగుమందు తాగిన చాలామంది పేర్ల ఎదుట కారణంగా కడుపునొప్పి అని ఉందని చూపించారు. మందు తాగితే కడుపు నొప్పి వస్తుంది, నిజమే. అలా ఆ గడిలోంచి అప్పు మాయమైంది, బోరు మాయమైంది, ఎండిన చేను మాయమైంది. 2004 జూన్ 1న వచ్చిన 421 నంబరు జీవో ఆత్మహత్య చేసుకున్న రైతు కుటుంబానికి లక్షన్నర పరిహారం ప్రకటించింది. అది దక్కాలంటే పట్టా చూపాల్సి వచ్చేది, అప్పుకు రుజువు చూపాల్సి వచ్చేది. కౌలుకు చేసినవాడి పేరిట పట్టా ఉండదు. ఊరి షావుకారు దగ్గర తెచ్చిన అప్పుకు రుజువు ఉండదు. ఎంతమంది భార్యలు ఈ రెండు కాగితాల కోసం ఆర్డీవో ఆఫీసు వరండాలో కూర్చున్నారో మాస్టారికి తెలుసు. వాళ్లలో కొందరికి అర్జీలు రాసిపెట్టింది ఆయనే.

ఆ అర్జీల మీద ఎవరూ సినిమా తీయలేదు. తీయాలని నా కోరిక. ఒక్క మండలం చాలు. ఒక ఖరీఫ్ తీసుకోండి. సబ్సిడీ విత్తన కాయల మూట డిపో నుంచి బయలుదేరిన రోజు నుంచి మొదలుపెట్టండి. ఎవరి పేరిట వచ్చింది, ఎవరి చేలో పడింది, బీమా ప్రీమియం ఏ తేదీన కట్ అయ్యింది, పంటకోత ప్రయోగం ఏ సర్వే నంబరులో జరిగింది, దిగుబడి పట్టికలో ఏ అంకె రాశారు, అదే వారం పక్క చేను రైతు ఎన్ని మూటలు తూచాడు, ఆ సంక్రాంతికి ఆ ఇంటి నుంచి ఎవరు బెంగళూరు బస్సెక్కారు. విత్తే రోజు నుంచి బస్సెక్కే రోజు దాకా ఆ ఇంటివాళ్లను వదలకుండా వెళ్లండి. తీసిన ప్రతి భాగం ముందు వాళ్లకే చూపించండి, వాళ్లు వద్దన్న చోట కోసేయండి. ఆ ఇంట్లో ఎవరికైనా కెమెరా పట్టాలని ఉంటే చేతికివ్వండి.

ఇందుకు డెన్మార్క్ నిధులు అక్కర్లేదు, జేబులో ఉన్న ఫోను చాలు. దస్త్రాలన్నీ ప్రభుత్వ ఆఫీసుల్లోనే ఉన్నాయి, 2005 నాటి సమాచార హక్కు చట్టం కింద అడిగితే, ఆ చట్టం మినహాయించినవి తప్ప నకళ్లు ఇవ్వాల్సిందే. మన రాష్ట్ర నిబంధనల ప్రకారం గ్రామ స్థాయి కార్యాలయంలో దరఖాస్తుకు రుసుమే లేదు. మండల స్థాయిలో 5 రూపాయలు, జిల్లా కార్యాలయంలో 10 రూపాయలు. దరఖాస్తు ఎలా రాయాలో తెలియనివాళ్లు సభ అయ్యాక నన్ను కలవండి, నమూనా ప్రతులు తెచ్చాను.